తాడు వదిలిన పైడమ్మ

మకరపురిలో సముద్రం వైపున్న కిటికీలన్నిటికీ మేకులు కొట్టేశారు. శంఖాల కోసం నీళ్ళలో మునిగినవాళ్ళందరినీ ఒక జలభూతం రాళ్ళుగా మార్చేస్తోంది. అది నిద్రపోయేచోట ఉన్న నల్లముత్యాన్ని ఎండలోకి తెస్తే శాపం పోతుందని రాజగురువు చెప్పాడు. తేబోయిన వీరులూ రాళ్ళయ్యారు.

ఆ రాళ్ళలో పైడమ్మ తండ్రి కూడా ఉన్నాడు. అందుకే ఆ పిల్ల పడవెక్కింది. ధైర్యంగా ఎక్కిందని నేను కోతలు కోయను, పళ్ళు టకటకా కొట్టుకుంటున్నాయి. నీళ్ళలో ఊపిరాడే మూలికను గురువు ఆమె బుగ్గన పెట్టాడు. మునిగేవాళ్ళ నడుముతాడు కొసను పడవలో మేనమామే పట్టాలని వాళ్ళ ఆచారం.

"బెదిరిపోకే అమ్మీ! భయమేసిందంటే తాడు గట్టిగా లాగు. ఎంటనే పైకి తీసేత్తాను," అన్నాడు మేనమామ కొర్లయ్య.

పైడమ్మ నీళ్ళలోకి దిగింది. అక్కడ నీటిగడ్డిలో వేలెడంత సముద్రపు గుర్రం ఒకటి గడ్డిపోచకు తోక చుట్టి నిలువుగా నిలబడి ఉంది. ఒక కన్ను పైకీ, ఒక కన్ను కిందికీ తిప్పుతోంది.

"అలా కాళ్ళు కొట్టుకోకు పిల్లా! నీరు కదిలితే భూతం లేస్తుంది. నన్ను చూడు," అంది.

వీపు మీది చిన్న రెక్కను వణికిస్తూ, తల కదపకుండా గుర్రం ఒక రొయ్యపిల్ల పక్కకు చేరింది. రొయ్యకు ఆ రాక తెలియనే లేదు. గుర్రం గొట్టంలాంటి మూతితో దాన్ని చటుక్కున పీల్చేసింది.

"నీకు భయం వేయదా?" అంది పైడమ్మ.

"వేయకేం? ఈతలో నా అంత మందకొడి ఎవరూ లేరు, పారిపోలేను. అందుకే దేన్నైనా గట్టిగా పట్టుకుంటాను. చలికాలం అలలు విసిరికొడితే లోతుకు దిగి, అక్కడి రంగులోకి మారిపోతాను. రా."

లోతుకు పోయేకొద్దీ గుర్రం పచ్చరంగు పోయి నల్లబడింది. పైడమ్మ ఒంటికి బురద పూసుకుంది. చీకట్లో భూతం గురక వినిపించింది. చుట్టూ రాతి మనుషులు. అందరి చేతులూ నడుముతాడు లాగుతున్నట్టే బిగుసుకున్నాయి. భయపడి తాడు లాగడంవల్లే నీరు కదిలి, భూతం లేచిందన్నమాట! ఆమె చెయ్యి కూడా అప్పటికే తాడు మీద ఉంది. ఏడుపు దిగమింగి, మెల్లగా ముడి విప్పేసింది.

భూతం పక్కనే ఉన్న నల్లముత్యం చేతికందింది. అంతలో భూతం కన్ను తెరుచుకుంది.

పైడమ్మ పక్కనే ఉన్న తండ్రి రాతిచేతిని గట్టిగా పట్టుకుని కదలకుండా నిలబడింది. బండెడంత కన్ను ఆమె మీదే చాలాసేపు ఆగింది. రాళ్ళ మధ్య ఇంకో రాయి అనుకుని చివరికి మూసుకుంది.

పైన ఖాళీ తాడు పట్టుకుని కొర్లయ్య గొల్లుమంటుంటే, పడవ పక్కన పైడమ్మ తల తేలింది. ముత్యానికి ఎండ తగలగానే భూతం నురగైపోయింది. సముద్రం నిండా మనుషుల తలలు లేచాయి. ఊళ్ళో కిటికీలు తెరుచుకున్నాయి. రాజు ఆ తీరం మొత్తానికి పైడమ్మనే దొరసానిని చేశాడు.

తండ్రి మాత్రం ఇంకా తన చేతినే చూసుకుంటున్నాడు.

"రాయినై ఉన్నా తెలిసిందే అమ్మా. ఎవరో నా చెయ్యి పట్టుకున్నారు."

"నేనే నాన్నా. భయమేసింది."