లస్కరు ఇంట్లో ముక్కు కోసే పాట

బాన్సువాడ నుంచి బీర్కూర్ పోయే దారిలో, కాలువ గట్టున, పాడుబడ్డ ఇల్లొకటి ఉండేది. కాలువకు నీళ్ళు వదిలే లస్కరు ఉండేవాడందులో. అతను పోయాక అక్కడ దీపం వెలగలేదు. చీకటి పడితే మాత్రం లోపల పసిపిల్లల ఏడుపు వినిపిస్తుందనేవారు.

నేను నమ్మలేదు. నిజాంసాగర్ నీళ్ళను నమ్ముకుని కృష్ణా జిల్లా నుంచి వచ్చిన కుటుంబం మాది. పైగా బందరులో ఫిజిక్సు చదివాను. దెయ్యానికి బరువుండదని, బరువు లేనిది తలుపు తియ్యలేదని టీ కొట్టు దగ్గర ఉపన్యాసాలిచ్చేవాణ్ణి. ఫిజిక్సులో నా మార్కులెన్నో మాత్రం ఎవరికీ చెప్పలేదు.

తొంభై ఏడో సంవత్సరం. నాట్ల రోజులు. పొద్దుగూకింది, కరెంటు పోయింది... మనవరాలు సుస్మిత ఇంటికి రాలేదు.

“కాలువ నిండా నీళ్ళండీ...” అంది మా ఆవిడ సుబ్బరత్నమ్మ.

టార్చి పట్టుకుని గట్టు వెంట పరుగెత్తాను. పరుగంటే నా పరుగు... కుక్కలు కూడా లేచి చూడలేదు.

లస్కరు ఇంటి ముందుకొచ్చేసరికి — తలుపు సందులో ఎర్రటి వెలుగు. లోపల ఏడుపు. దాని మీద ఆడగొంతు, మెల్లగా, జోల పాడినట్టు:

“అండి అండి అండి తాత...
తిండి తినని పోరడేడి?
ముక్కు కోసి, మూట గట్టి,
కాల్వ దాటి ఎత్కపాయె...”

టార్చి ఆరిపోయింది. ఆరిందో, నా వేలే ఆర్పిందో! కాళ్ళు వెనక్కి పోదామన్నాయి. కానీ... ఆ ఏడుపు సుస్మితదైతే?

తలుపు తోశాను. లోపలి వెలుగు టప్పున ఆరింది. గద్దిద్దామనుకున్నాను గానీ, పుట్టుకతో వచ్చిన మర్యాద దెయ్యం దగ్గర కూడా నన్ను వదల్లేదు —

“ఎవరండీ... లోపల ఎవరండీ?”

పాట ఆగింది. మరుక్షణం పెద్ద కేక — “అవ్వా! అండి తాత!”

నేనూ కేకేశాను. అంతకంటే పెద్దగా.

అగ్గిపుల్ల గీసిన చప్పుడు. గాలికారిన బుడ్డిదీపం మళ్ళీ వెలిగింది. జుక్కల్ నుంచి నాట్లకొచ్చి ఈ ఇంట్లో తలదాచుకున్న కూలి గంగమణి. ఆమె ఒళ్ళో వణుకుతున్న కొడుకు. పక్కనే మా సుస్మిత, తీరిగ్గా జొన్నరొట్టె నములుతూ.

“పాట నేనే కట్టాను తాతయ్యా” అంది. “మాటకో అండీ అంటావని ఊళ్ళో అందరూ నిన్ను అండి తాతనే అంటారుగా?”

నాకా సంగతి అప్పుడే తెలిసింది.

“ఏమనుకోకుండ్రి సారూ” అంది గంగమణి, నవ్వు కొంగులో దాచుకుంటూ. “అండి అంటెనే పోరడు బువ్వ మింగుతుండు.”

వాడు నన్నే చూస్తూ నోట్లోది గుటుక్కున మింగాడు.

“ఇంకోపారి అనుండ్రి సారూ... గింతే మిగిలింది.”

ఏం చేస్తాను? గొంతు సవరించుకున్నాను.

“తినండి బాబూ... తినండి.”

కంచం ఖాళీ.