సున్నా మంది ఉన్న చోటు

భూమికి ముప్పై కిలోమీటర్ల పైన, బెలూన్లకు వేలాడే ప్లాట్‌ఫాం మీద, కాంతమణి కళ్ళ ముందే కాలం పిగిలింది. మీటర్ చూసుకుంది. పంతొమ్మిది నిమిషాల చిరుగు. అప్పుడు పట్టపగలు పన్నెండు.

ఆ ఎత్తులో గాలి పలచన, గాలితోపాటు కాలమూ పలచన. పాత చీర ఉతుకులకు పిగిలినట్టు అక్కడక్కడ పిగులుతుంది. వదిలేస్తే చిరుగు కిందికి పాకి, ఎసరు పెట్టకముందే అన్నం మాడే రోజులొస్తాయి. అలా కాకుండా కాపు కాసేది నిలకడ సంఘం. వాళ్ళ యంత్రం పేరు ప్యాచర్. కింద కాస్త కాలం కోసి, పైన మాసిక వేస్తుంది. ఒకసారి వేసిన మాసిక మళ్ళీ ఊడదు. ఇంతకు మించి నాకు తెలుసనే శాస్త్రవేత్త ఎవరైనా ఎదురైతే నమ్మకండి.

సంఘానికి ఒక నియమం ఉంది. కాలాన్ని లోకంలో అందరి దగ్గరా గింజంత, గింజంత తీయాలి. రెప్పపాటులో వెయ్యో వంతు పోతే ఎవరికి తెలుస్తుంది? కానీ అలా తీయాలంటే డయల్ తిప్పుతూ ఆరు గంటలు కూర్చోవాలి. కిందికెళ్ళే లిఫ్టు పన్నెండున్నరకి. తప్పితే మళ్ళీ మూడు రోజులకి. పైన నీళ్ళు తాగడానికే కొలిచిస్తారు. కాంతమణి తలంటుకుని ఇరవై ఒక్క రోజులైంది. మాడు జివ్వుమని దురద.

అందుకని సంఘంలో అందరూ గుట్టుగా చేసే పనే తనూ చేసింది. మ్యాపులో జనాభా సున్నా ఉన్న ఒక తీరం వెతికి, పంతొమ్మిది నిమిషాలూ అక్కడే ఒక్క కోతలో కోసేసింది. లాగ్‌బుక్కులో ఏమీ రాయలేదు. ఇంటికెళ్ళి కుంకుడుకాయల రసంతో కసితీరా రుద్దుకుంది.

వారం తిరక్కుండా పేపర్లో చిన్న వార్త. బొర్రపాలెం ఉప్పుమళ్ళలో కూలీల గొడవ. ఇరవై నిమిషాల భోజన విరామం ఇచ్చినట్టే ఇచ్చి, క్యారియర్ మూత తీసేలోపే ఈల ఊదాడని ఆడవాళ్ళు మేస్త్రీని చుట్టుముట్టారట. వార్తలో తేదీ చూసింది. వేళ చూసింది. తను కోత వేసిన రోజే, ఆ మధ్యాహ్నం పన్నెండే.

మ్యాపు అబద్ధం చెప్పలేదు. అది జనాభా లెక్కల్లోంచి తీసిన మ్యాపు. జనం ఎక్కడ పడుకుంటారో రాస్తుంది. ఎక్కడ వంగి చాకిరీ చేస్తారో దానికెందుకు? ఉప్పుమళ్ళలో ఎవరూ పడుకోరు మరి.

కాంతమణి బొర్రపాలెం వెళ్ళింది. మడి గట్టు మీద నూకాలు అనే మనిషి ఉప్పు కుప్పలు లాగుతోంది. కాంతమణి తలంటు సంగతితో సహా చెప్పాల్సింది చెప్పింది.

"సున్నా అని ఉందా మీ మేపులో?" నూకాలు నడుం నిలబెట్టింది. "మరి నానేటమ్మా, కొంగనా?"

నూకాలు ఉప్పు లాగే పలక గట్టు మీద పెట్టింది.

"రోజూ ఆ బువ్వ యేళకే మా ఆయన బోటులోంచి ఫోన్ సేసీవోడు. ఆ రోజు మూడుసార్లు సేసాడంట. ఇది ఎత్తలేదురా అని పక్కోడితో అన్నాడంట. ఆ సందేళే గాలివాన. బోటు మునిగింది. బతికొచ్చినోడు మా అత్తకి సెప్పాడు. అప్పుట్నించీ నా సేతి మంచినీళ్ళు ముట్టదు. నిద్దరోయావే, మొగుడు సస్తుంటే నిద్దరోయావే అంటది. నానూ అలాగే అనుకున్నాను." ఆగింది. "నాను నిద్దరోలేదా?"

"లేదమ్మా. ఆ ఫోన్ మోగడానికి నీ దగ్గర టైమే లేదు. నేనే తీసేశాను."

"మళ్ళీ ఇచ్చెయ్యి."

"ఇవ్వలేను."

నూకాలు ఆమె జుట్టు వంక చూసింది.

"అయితే ఈ ముక్క కాయితం మీద రాసియ్యి. మా అత్త నా నోటిమాట నమ్మదు."

కాయితం మాట వినగానే సంఘం కార్యదర్శి సుదర్శనరావు గారు కుర్చీలోంచి ఎగిరిపడ్డారు. "ఒక్కసారి రాసిస్తే లోకం మన మీద పడుతుంది, కాంతమణీ!"

"రాయకపోతే నేను పేపరుకెక్కుతాను సార్. నా ఒక్క కోతే కాదు, అందరివీ చెప్తాను."

రాశారు. 'ఫలానా పంతొమ్మిది నిమిషాలు సంఘం తీసుకున్నది. నూకాలు దోషం లేదు.' ముద్ర, కింద కాంతమణి సంతకం. అత్త అప్పయ్యమ్మ పక్కింటివాళ్ళ చేత చదివించుకుని, కొడుకు ఫొటో పక్కన గోడకి కొట్టింది. కోడలి చేతి నీళ్ళు తాగింది.

ఆ కాయితం మాట ఊరూరా పాకి, పది రోజుల్లో సంఘం ఆఫీసు ముందు జనం బారు. చావుబతుకుల్లో ఉన్న తమ్ముణ్ణి చూడ్డానికి వెళ్ళని అన్న, ఆపరేషన్‌కి ఆలస్యంగా వచ్చిన డాక్టరు, పెళ్ళాం పుట్టినరోజు మరిచిన పెద్దమనిషి. "ఆ టైం మీరే తీశారండీ, రాసివ్వండి" అని అందరిదీ ఒకటే పాట. కాదనడానికి సంఘం దగ్గర ఏముంది? ఎవరెక్కడ కోశారో ఎవరూ రాసుకోలేదాయె. రేపు అందులో ఒక్కడైనా నిజం చెప్పినవాడని తేలితే? ఆ భయానికి అందరికీ రాసిచ్చారు. ప్యాడ్లు అచ్చు వేయించి, సంతకాల బల్ల దగ్గర కాంతమణినే కూర్చోబెట్టారు.

నెల తిరిగాక ఆ బారులో నూకాలు కనిపించింది.

"మా అత్తా తెచ్చుకుంది మీ కాయితం. కొడుకు బోటెక్కిన రోజు ఆడితో తగువాడి, కావాలనే సాగనంపడానికి రేవుకి రాలేదు. ఆ పొద్దు మీరే తీసారని మీరే సంతకం ఎట్టారు. ఇంటికొచ్చి, గోడ మీద నాది పీకేసింది. 'నాదెలా వచ్చిందో నాకు తెల్దేటే? నీదీ అలాగే తెచ్చుంటావు' అంది."

కాంతమణి కలం బల్ల మీద పెట్టింది.

"నిజంగా టైం పోయినోళ్ళకి యేరే కాయితం ఉంటే ఇయ్యమ్మా."

బల్ల మీద ఉన్నది ఒకే రకం ప్యాడ్. నూకాలు వెనకనున్న మనిషి అప్పుడే మెడ చాచి, తన పేరూ తేదీ చెప్పడం మొదలుపెట్టాడు.