నెమలి ఆగిన చోట

ఆదివారం సాయంత్రం నాలుగు. సన్నటి ముసురు. ఎ.ఎస్. రావు నగర్ నుంచి యాప్రాల్ దాకా వైపర్లు ఆపడానికే వీల్లేకపోయింది. వెనక సీట్లో మా అమ్మాయి తిరుమల, కింది ఫ్లాట్ వాళ్ళ సూరి. కిటికీ పక్క నేనంటే నేనని దారంతా కొట్టుకుంటూనే ఉన్నారు.

చిన్నపిల్లల కోసం కర్ణాటక సంగీతం పాఠాలను బొమ్మల సినిమాగా తీస్తున్నాడు హరికిషన్ అనే అతను. అద్దె ఇంట్లో కింది గదులే అతని స్టూడియో. మా పిల్లలకు పాఠం చెప్పే కాంతమణి టీచర్ గొంతు ముందే రికార్డు చేసుకున్నాడు. తెర మీద ఆ గొంతుతో పాడేది ఒక నెమలి. షడ్జమం, అదే 'స', నెమలి కూతలోంచి పుట్టిందంటారు కదా, అందుకని. నెమలి ఒక వరస పాడి, మెడ వంచి, ఎదురుగా చూస్తూ ఆగుతుంది. ఆ ఖాళీలో ఇంట్లో చూసే పిల్లలు తిరిగి పాడాలి. వాళ్ళకు తోడుగా మా పిల్లలిద్దరి గొంతులూ కలపడానికే వెళ్ళాం.

కాంతమణి టీచర్ దగ్గర ఒకటే పద్ధతి. ఆవిడ అన్నది అనాలి. ఆవిడ తాళం ఆపేదాకా ఆపకూడదు. మధ్యలో ఎవరు ఆపినా అందరూ మళ్ళీ మొదటి నుంచి. దగ్గొచ్చినా మింగేసుకుంటారు పిల్లలు.

తెర మీద నెమలిని చూడగానే సూరి నవ్వాడు.

"నెమలికి మా టీచర్ కళ్ళజోడు పెట్టారేంటి అంకుల్?"

"గవి లేకుంటే మీ టీచర్ ఊకోదు బాబూ" అన్నాడు హరికిషన్.

రికార్డింగ్ గదికి కిటికీల్లేవు. గోడల నిండా పరుపుల్లాంటి స్పాంజి. పిల్లలిద్దరూ లోపల, అద్దానికి ఇవతల నేనూ హరికిషనూ. నెమలి పాడింది, ఆగింది. వీళ్ళు పాడారు. తిరుమల గొంతు తేటగా వచ్చింది. నాకు గర్వంగానే అనిపించింది.

కరెంటు పోయింది.

తెర ఆరిపోయింది. మిషన్ల గుర్రుమనే చప్పుడు కూడా ఆగింది. మెయిన్ చూసొస్తానని, జెర కూసోమని చెప్పి, హరికిషన్ ఫోను లైటు పట్టుకుని బయటికి వెళ్ళాడు. పిల్లలు జడుస్తారని నేను తడుముకుంటూ వెళ్ళి గది తలుపు తీశాను.

వాసన. తడిసిన ఈకల వాసన. కోళ్ళ గంప మీద వాన పడితే వచ్చేది.

లోపల పాట వినబడుతోంది. పాఠంలో వరసే. బ్యాటరీ మీద నడుస్తోంది కాబోలు అనుకున్నాను. పాట ఆగింది. పిల్లలు తిరిగి పాడారు. మళ్ళీ అందుకుంది, ఇంకాస్త పైన. అప్పుడు తెలిసింది... అది కాంతమణి టీచర్ గొంతు కాదు. ఆడో మగో తెలియదు. గాలి పీల్చుకోవడం లేదు. ఊపిరి తీసుకునే చోటే లేదు ఆ పాటలో.

వెనక నుంచి హరికిషన్ వచ్చాడు. మెయిన్ అంతా బాగానే ఉందట, వీధి మొత్తం పోయిందట. మరి ఈ పాటెక్కడిదని అడిగాను. అతను కాసేపు విన్నాడు.

"అన్నీ బంద్ ఉన్నయ్ మేడమ్" అన్నాడు, గొంతు తగ్గించి.

ఫోను ఆరిపోయింది.

"తిరుమలా, ఆపేయే తల్లీ" అన్నాను.

ఆపలేదు. ఆపకూడదని కదా నేర్పించాం.

పాట పైకి పోతోంది. పై షడ్జమం దాటింది. సూరి గొంతు అందక తెగిపోయింది, ఏడుపు వినబడింది. తిరుమల గొంతు మాత్రం వెళ్తోంది. మధ్య ఖాళీ తగ్గుతోంది. అది ఆగీ ఆగకముందే ఇది. ఇంకా దగ్గరగా... ఇంకా... చివరికి ఖాళీ లేదు. రెండూ ఒకటే.

చీకట్లో చేతులు చాచాను. సూరి చెయ్యి దొరికింది. తర్వాత తిరుమల భుజం. మెత్తగా ఉండాల్సిన పిల్ల భుజం... కర్రలా ఉంది. ఊపాను. పాట ఊగలేదు.

ఏం చెయ్యాలి? కచేరీలో మంగళం పాడేశాక ఇంకెవరూ పాడరు. ఎంతటి విద్వాంసుడైనా సరే, లేచిపోవాల్సిందే. నాకు గుర్తొచ్చింది అదొక్కటే. "మంగళం..." అని ఎత్తుకున్నాను. అపస్వరమే. లాగి, లాగి, ఆపాను.

నిశ్శబ్దం.

ఎవరో నా మాటే తిరిగి పాడారు. "మంగళం..." నా అపస్వరంతో సహా. చక్కగా, ముద్దుగా. తిరుమలే అనుకున్నాను. దేవుడా, తిరుమలే అనుకున్నాను.

దీపాలు వెలిగాయి. పిల్లలిద్దరూ నిలబడి ఉన్నారు. తెర మీద నెమలి మెడ వంచి, ఎదురుగా చూస్తూ ఉంది. హరికిషన్ ప్లగ్గు లాగేశాడు.

కారులో ఈసారి కిటికీ కోసం కొట్లాట లేదు. సూరి ముందు సీట్లోకి వచ్చి నన్నానుకుని కూర్చున్నాడు. నేరేడ్‌మెట్ సిగ్నల్ దగ్గర నా చెవిలో అన్నాడు.

"అక్క పాడలేదు ఆంటీ. దాని నోటి మీద నేను చెయ్యి పెట్టి చూశాను. మూసే ఉంది."

భయపడ్డావులే నాన్నా అన్నాను. అద్దంలో చూశాను. తిరుమల బయటికి చూస్తోంది.

సూరిని వాళ్ళమ్మకు అప్పగించి పైకి వచ్చాం. ఏంటలా తడిసిపోయారని మా ఆయన తువ్వాలు తెచ్చారు. పిల్లకు తల తుడుస్తూ ఏం తింటావని అడిగారు.

"పెరుగన్నం నాన్నా."

మాట వినబడింది. ఆ తర్వాత పెదవులు కదిలాయి.

ఆయన తల తుడుస్తున్నారు, చూడలేదు. నేను ఎదురుగా ఉన్నాను.

వంటింట్లోకి వచ్చి గట్టు పట్టుకుని నిలబడ్డాను. ఆ గదిలోంచి ఎవరెవరం వచ్చామో లెక్క పెట్టుకుంటున్నాను. సూరి వచ్చాడు. నేను వచ్చాను.

సూరి వచ్చాడు. నేను వచ్చాను.