వినకుండా ఓకే చేసిన షాట్

పరుశురాం తన మొదటి షార్ట్ ఫిల్మ్ కథని తీసుకెళ్లి, స్నేహితుడు హేమంత్ క్లాస్‌మేట్ సాహితి చేతిలో పెట్టాడు. మెచ్చుకుంటుందనే అనుకున్నాడు, పాపం.

ఆర్ట్స్ కాలేజీ మెట్ల మీద కూర్చుని ఆమె పద్నాలుగు పేజీలూ చదివింది. ఎండ ఏ వైపు నుంచి పడాలి, చున్నీ ఎంత ఎగరాలి, అన్నీ ఉన్నాయి. హీరోయిన్ నోరు విప్పితే ఒట్టు.

"ఈ పిల్ల మూగదా?" అని అడిగింది.

పరుశురాం ఆరేళ్లు పెళ్లిళ్లకీ, పక్కవాళ్ల షార్ట్ ఫిల్ములకీ కెమెరా పట్టినవాడు. ఇకమీదట తనే రాసి డైరెక్ట్ చేస్తానని బయల్దేరాడు కానీ, కన్ను పనిచేసినంతగా చెవి పనిచేసేది కాదు. ఆ సంగతి అతనికి తప్ప అందరికీ తెలుసు. మాటలు నువ్వే రాయరాదా అన్నాడు ఉక్రోషంగా. ఆమె రాసింది. తెలుగు ఎం.ఏ., పైగా కడప వాళ్లమ్మాయి, మాటలకేం కరువు?

నెల రోజులు తార్నాకలో టీలు తాగుతూ సీన్ల మీద కొట్లాడుకున్నారు. హీరోయిన్ దొరక్క ఆ వేషమూ ఆమె మీదే పడింది. ఆ నెలలోనే సాహితికి అతనంటే ఇష్టం పుట్టింది. తనే చెప్తాడేమోనని చూసింది. ఆ మహానుభావుడు లెన్సుల గురించి తప్ప మాట్లాడితేగా!

చివరి రోజు, చివరి షాట్. ఆమె మెట్ల మీద, కెమెరా రోడ్డుకి ఇవతల. చున్నీలో చిన్న మైకు. "ఇక నేను రాను" అన్నది డైలాగ్. డైరెక్టరన్నవాడు హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినాలి. మనవాడు వాటిని మెడలో వేలాడేసుకుని, కెమెరా దగ్గరున్న హేమంత్‌ని పక్కకి జరిపి, తనే కన్ను పెట్టేశాడు.

సాహితి మాట్లాడింది. ఆగింది. మళ్లీ మాట్లాడింది. అతను చూసిందల్లా ఆమె బుగ్గ మీద ఎండ.

"లైటు మస్తున్నది. ఓకే, ప్యాకప్" అని అరిచాడు.

ఆమె మైకు తీసి హేమంత్ చేతిలో పెట్టి వెళ్లిపోయింది. ఆ తర్వాత ఫోనెత్తలేదు. తప్పేమిటో తెలియక తొమ్మిది రోజులు అతను తల పట్టుకున్నాడు. యాక్టింగ్ పొగడలేదని అలిగిందేమోనని, బాగుందంటూ ఓ మెసేజ్ కూడా పెట్టాడు.

పదో రోజు మధ్యాహ్నం ఎడిటింగ్‌కి కూర్చుని, ఆ షాట్‌ని మొదటిసారి విన్నాడు.

"పరుశురాం, నువ్వంటే నాకిష్టం. ఇది డైలాగ్ కాదు." కాసేపు ఆగి, గొంతు తగ్గించి, "వింటాండావా? నువ్వంటే నాకిష్టం."

సిగ్గుతో చెవులు మండిపోయాయి. తర్వాత పట్టలేని సంతోషం. ఆ వెనకే భయం, పది రోజులైపోయింది కదా. ఇంకా అదే మాట మీద ఉంటుందా?

సాయంత్రం తార్నాక బస్టాపులో దొరికింది.

"రీటేక్ కావల్నా?" అంది ఎటో చూస్తూ.

"వద్దు. అప్పుడు నేను వినలే సాహితీ, తప్పు నాదే. నువ్వు మాటలు రాసినప్పటి సంది నువ్వంటే నాకిష్టం. చెప్పనీకి రాలే."

బస్సు వచ్చింది, పోయింది. ఆమె ఎక్కలేదు.

"వినపళ్లేదు" అంది.

అతను మళ్లీ చెప్పాడు, ఈసారి బస్టాపంతా వినేలా. పక్కనున్న పెద్దావిడ ముందు ఫక్కున నవ్వింది. సాహితి నవ్వకూడదని కాసేపు గట్టిగానే ప్రయత్నించి, ఓడిపోయింది.