రాఘవమ్మ తీసేయించిన ఆట

టేకులపల్లి అవతల అడవిని ఆనుకున్న చేలలోకి కోతులు తెల్లారకముందే డ్యూటీకి వస్తాయి. రాఘవమ్మ వాటికంటే ముందే వెళ్తుంది. కొంగు బిగించి, తలకు తువ్వాలు చుట్టి, వడిసెలలో రాయి పెట్టి గిర్రున తిప్పి వదిలిందంటే, మొక్కజొన్న చేనుకు అవతలి గట్టు మీదున్న కోతి కూడా ఆలోచనలో పడాల్సిందే. ఆ రోజూ అలాగే మందను అడవిలోకి తోలి, ఎండెక్కేసరికి ఇల్లు చేరింది.

ఇంట్లో కూతురు పద్మప్రియ ఇంకా లేవలేదు. మంచం పక్కన లాప్‌టాప్ తెరిచే ఉంది. తెర మీద ముళ్ల జుట్టు పిల్లాడొకడు, చారెడేసి కళ్ల పిల్లొకతె ఎదురెదురుగా నిలబడి, కొట్టుకోవడానికి సిద్ధంగా ఊగుతున్నారు. రాఘవమ్మకు ఒళ్లు మండింది. ఖమ్మంలో డిగ్రీ చదివే పిల్ల పోయినసారి ఒక పేపరు తప్పింది. చదువుకుంటానని సెలవులకు ఇంటికొచ్చి చేస్తున్న నిర్వాకం ఇదీ.

"పద్మా, పొద్దెక్కింది. లేవవా? గీ ఆటలు నిన్ను ముంచుతయి బిడ్డా."

"ఆడుతలేనమ్మా..." అని ఏదో చెప్పబోయి, ఆవలించి, మళ్లీ దుప్పటి లాక్కుంది పద్మ.

రాఘవమ్మ ఇక మాటలతో లాభం లేదనుకుంది. కూతురు పుస్తకాల కోసం కొత్తగూడెం బస్సెక్కగానే, లాప్‌టాప్‌ను కూరగాయల సంచిలో పెట్టుకుని టేకులపల్లిలో నాని కొట్టుకు నడిచింది. నాని ఆమె అన్న కొడుకు. సెల్‌ఫోన్లు, కంప్యూటర్లు బాగు చేస్తాడు.

"ఇండ్ల ఉన్న గేములన్నీ తీసెయ్‌రా. మళ్ల రావద్దు."

"పద్మను అడిగినవా అత్తా? లోపల కావాల్సినవి ఏమన్న ఉన్నయేమో."

"అడిగేదేంది? కొట్లాట బొమ్మలు తప్ప అండ్ల ఏమున్నది?"

"అయితే మొత్తం కొట్టేస్త. జల్దీ అయితది."

నాని తెప్పించిన చాయ్ తాగేలోపు పని అయిపోయింది. పిల్ల భవిష్యత్తుకు పట్టిన చీడ వదిలించినట్టు, రాఘవమ్మ తేలికపడ్డ గుండెతో ఇంటికొచ్చింది.

మధ్యాహ్నం పద్మ లాప్‌టాప్ తెరిచింది. లోపల ఏమీ లేదు. మీటలు నొక్కి నొక్కి చూసి, తల్లి వైపు తిరిగింది.

"ఎవరు ముట్టుకున్నరమ్మా?"

"నేనే. నానితోని తీసేయించిన. పేపరు పోతే ఎవరి బతుకు ఆగమైతది?"

"నేను ఆడుతలేనమ్మా. చేస్తున్న. ఆ గేమ్ నేను చేసింది." పద్మ ఖాళీ తెరను తల్లి వైపు తిప్పింది. "ఆన్‌లైన్‌ల నాకు దోస్తులున్నరు. జపాను కార్టూన్ కథలంటే మాకు పానం. అండ్ల ఉన్నోళ్లను తీస్కొని, మేమే బొమ్మలు గీసి, కొట్లాట గేములు చేస్తం. ఒక్క గుద్దు గుద్దియ్యాలంటే ఎన్ని బొమ్మలు గియ్యాల్నో ఎరికేనా? వచ్చే ఆదివారం హైదరాబాద్‌ల మాలాంటోళ్లందరు కలుస్తరు. పెద్ద తెర మీద నా గేమ్ ఆడిస్తమన్నరు."

మిర్చి తోటకు నీళ్లు పెట్టి అప్పుడే వచ్చిన బసవపున్నయ్య గుమ్మంలో ఆగాడు. "దాంతోని పైసలొస్తయా?"

"రావు నాన్నా. ఆ కథలు మాయి కావు గదా, అమ్ముకోవద్దు. అందరికి ఊరికే ఇస్తం."

"ఊరికే ఇచ్చేదానికా ఇంత లొల్లి?" అంటూ ఆయన కాళ్లు కడుక్కోవడానికి వెళ్లిపోయాడు.

పద్మ ఫోను తీసి తల్లి ముందు పెట్టింది. "ఆఖరుకు ఈమెను చేసిన. ఆదివారమే అందరికి చూపిద్దామని ఎవరికీ పంపలే. ఈ ఒక్క ఫోటో మిగిలింది."

రాఘవమ్మ చూసింది. ముళ్ల జుట్టు పిల్లాడికి ఎదురుగా ఒక ఆడమనిషి. బిగించిన కొంగు, తలకు తువ్వాలు, చేతిలో వడిసెల. ఆ నిలబడే తీరు అద్దంలో కూడా ఆమె ఎన్నడూ చూసుకోనిది.

"నేనేనానే?"

"నువ్వే. మా గేముల్ల అందరు కత్తులు, మంటలు పెట్టుకుంటరు. నాకు చిన్నప్పటిసంది ఎరికైన మొనగత్తెవు నువ్వే గదా."

రాఘవమ్మ గడప మీద కూలబడి కుమిలిపోయింది. బిడ్డ తనను అంత ఎత్తున నిలబెట్టుకుంటే, తనే పోయి తుడిపించి వచ్చింది.

మర్నాడు పొద్దున పద్మ కేక విని తల్లీతండ్రీ పరుగెత్తారు. జరిగింది రాసి తనలాంటి అభిమానుల గుంపులో పెట్టిందట. పద్మ ఎప్పటికప్పుడు పంచిన గేమును, బొమ్మలను ఎవరికి వాళ్లు దాచుకున్నారు. ముళ్ల జుట్టు పిల్లాడిని బ్రెజిల్ నుంచి ఒకతను, పెద్ద కళ్ల పిల్లను ఇండోనేషియా నుంచి ఒకామె, గేముతో పాటు మిగతావాళ్లను వరంగల్ నుంచి హేమలత అనే అమ్మాయి తిరిగి పంపించారు.

"ఊరికే ఇచ్చినవన్నీ మళ్ల నీ దగ్గరికే వచ్చినయా?" అన్నాడు బసవపున్నయ్య. నిన్నటి ఎగతాళి ఆయన గొంతులో లేదు.

"అందరొచ్చిండ్రు నాన్నా. అమ్మ ఒక్కతే రాలే."

"నేనేడికి పోయిన? ఈడనే ఉన్న గదా," అంటూ రాఘవమ్మ లేచింది. కొంగు బిగించి, వడిసెల తీసుకుని వాకిట్లోకి దిగింది. "ఏమయ్యా, ఆ ఫోన్‌ల వీడియో తియ్యి. బిడ్డా, నువ్వు గియ్యి."

వాకిలి యుద్ధభూమి అయింది. బసవపున్నయ్య ఫోను పట్టుకుని ఆమె చుట్టూ తిరిగాడు. రాఘవమ్మ తిప్పింది, వంగింది, పక్కకు దూకింది. పద్మ అడగడంతో దెబ్బ తిన్నట్టు వెనక్కి కూడా పడింది. గోడ మీద నుంచి తొంగిచూసిన పక్కింటి జంపక్క, "రాఘవమ్మకు ఏమైందయ్యా?" అని అడిగితే, బసవపున్నయ్య ఫోను దించకుండానే, "షూటింగ్ నడుస్తుంది, అడ్డం రాకు," అన్నాడు. ఆదివారం దాకా ఆ ఇంట్లో వంట ఆయనదే. ఉప్పు ఒకరోజు ఎక్కువ, ఒకరోజు తక్కువ. ఎవరూ నోరెత్తలేదు.

హైదరాబాదులో ఆ హాలు చూసి రాఘవమ్మ బెదిరింది. ఎటు చూసినా నీలం జుట్టు, గులాబి జుట్టు, అట్టముక్కల కత్తులు పట్టుకున్న పిల్లలు. తెర మీద పద్మ ఆట మొదలైంది. ఆడేందుకు కూర్చున్న ఒక పిల్ల, బొమ్మలన్నీ చూసి చివరిదాని దగ్గర ఆగింది. తువ్వాలు చుట్టుకున్న మనిషి హాలు గోడంత ఎత్తున నిలబడింది.

మొదట వెనక నుంచి ఎవరో నవ్వారు. ముళ్ల జుట్టు పిల్లాడు మంటలు చిమ్మాడు. ఆ మనిషి కిందపడింది. రాఘవమ్మ భర్త చెయ్యి గట్టిగా పట్టుకుంది. పడ్డ మనిషి లేచి, వడిసెల గిర్రున తిప్పి వదిలింది. రాయి తెర ఈ చివర నుంచి ఆ చివరకు దూసుకుపోయింది. ముళ్ల జుట్టు పిల్లాడు ఎగిరి అవతల పడ్డాడు.

హాలంతా లేచి నిలబడింది. మళ్లీ కొట్టమని అరుపులు. ఆ బొమ్మతో ఆడటానికి పిల్లలు వరుస కట్టారు. బసవపున్నయ్య పక్కన కూర్చున్న నీలం జుట్టు కుర్రాడిని తట్టి, "ఆమె మా ఇంటామె," అని చెప్పాడు. వాడు ఇంకొకడికి చెప్పాడు. చూస్తుండగానే పిల్లలు రాఘవమ్మను వేదిక మీదికి తీసుకుపోయి చేతిలో మైకు పెట్టారు.

అందరూ చూస్తున్నది తన బొమ్మనే. ఆమె కళ్లు మాత్రం వేదిక మూల నిలబడ్డ కూతురినే చూస్తున్నాయి. చెయ్యి చాపి, పద్మను దగ్గరికి లాక్కుంది.

"నన్ను కాదు, ఈమెను చూడుండ్రి," అంది రాఘవమ్మ. "ఈ గేమ్ నా బిడ్డ చేసింది."