అంచు మీద ఆగిన గన్

"పెద్దదానా, చెల్లిని నీ చేతుల్లో పెడుతున్నాను. అసలే కార్లు, రోడ్లు. దానికేమన్నా అయితే నేను బతకను," అంది తల్లి, ఇంకా ఏమీ జరగకముందే.

"డ్రైవర్ ఉద్యోగానికి కూడా ఏడుస్తావేంటమ్మా," అంది అక్క.

నల్ల కళ్ళద్దాలు, పట్టు స్కార్ఫు, హై హీల్స్. అక్క విదేశీ అతిథులకు ఇంటర్‌ప్రెటర్ అనే తల్లికి తెలుసు. అక్కాచెల్లెళ్ళిద్దరూ సీక్రెట్ సర్వీస్ అని తెలియదు. తెలిస్తే గుమ్మం దాటనిచ్చేది కాదు. చెల్లికి ఇంట్లో పిలిచే పేరే అక్కడ కోడ్ నేమ్ అయింది: ఏజెంట్ చిట్టి.

అంతకు వారం ముందే చీఫ్ బ్రీఫింగ్ ఇచ్చాడు. "శాంతి చర్చలకి వచ్చే అతిథిని ఒక ఫారిన్ ముఠా టార్గెట్ చేసింది. వాళ్ళ పద్ధతి ఒకటే. అచ్చం అతిథి ఎక్కే కారులాంటిదే తెచ్చి మార్చేస్తారు. వెనక తలుపు మూసుకోగానే బాంబు పేలుతుంది. కాబట్టి మన కారుకి నకలు తీయలేని రంగు కావాలి. మీ నాన్న కార్ల పెయింటర్ కదా?"

"అవును సార్."

"డేంజర్ అయితే కోడ్ వర్డ్: 'రంగు పోయింది'."

తండ్రి పోయినా ఆయన షెడ్డు అలాగే ఉంది. అక్క కలిపింది, చిట్టి కొట్టింది. అభ్రకం పొడిని లక్కర్లో వేసి, వడకట్టి, అడుగున పేరుకోకుండా కలుపుతూనే ఉండాలి. తెల్లటి బేస్ కోట్ ఆరాక దాన్ని పొగమంచులా పలచగా కొట్టాలి. ఆ పైన క్లియర్ కోట్. ఎదురుగా చూస్తే ముత్యంలా తెలుపు, పక్కకి వంగితే లేత గులాబీ. ఆ పాళ్ళు వాళ్ళిద్దరికి తప్ప మూడో మనిషికి తెలియవు.

"నేనూ ఒక కోటు కొడతానే," అంది అక్క.

"నువ్వొద్దు తల్లీ. స్ప్రే గన్ తలుపు అంచు దాటాక ఆపమంటే అంచు మీదే ఆపుతావు. అక్కడ రంగు చిక్కబడి ఎర్రగా కొడుతుంది. నాన్న పోయేదాకా తిట్టాడు నిన్ను."

"అంచులు ఎవడు చూస్తాడే?"

ఇద్దరూ నవ్వుకున్నారు.

ఆ ఉదయం చిట్టి డ్రైవర్ టోపీ పెట్టుకుంది. కారు కాపలా అక్కది. "అంతా క్లియర్," అంది ఇయర్‌పీస్‌లో. అక్క మాట కదా, చిట్టి కారు చుట్టూ తిరిగి చూడలేదు. బేస్‌మెంట్ నుంచి పోర్టికోలోకి తెచ్చి, దిగి, వెనక తలుపు తెరిచింది. అతిథి లోపల కూర్చున్నాడు.

అప్పుడు ఎండ తలుపు మీద పడింది.

అంచు పొడవునా, పైనుంచి కిందకి, ఎర్రటి చార. చిక్కగా, తడిసినట్టు. తండ్రి తిట్టిన చార.

చిట్టి తలెత్తింది. ఇంటర్‌ప్రెటర్ అతిథి పక్కన ఎక్కాలి. అక్క దూరంగా స్తంభం పక్కన నిలబడి, ఎవరో రావాలన్నట్టు గేటు వైపు చూస్తోంది.

పక్కనున్న గార్డు తలుపు మూయబోతూ తోశాడు. ఆలోచించడానికి టైం లేదు. చిట్టి సందులో చెయ్యి పెట్టింది. ఎముక విరిగిన చప్పుడు ఆమెకే వినిపించింది.

"దిగండి సార్," అంది పళ్ళ బిగువున. కాలర్ మైక్‌లో, "రంగు పోయింది."

బాంబు స్క్వాడ్ తలుపు కింద వైర్లు కత్తిరించింది. అసలు కారు బేస్‌మెంట్ మూల కవర్ కింద దొరికింది. పారిపోబోయిన అక్క హై హీల్స్‌తో గేటు దాకా కూడా వెళ్ళలేకపోయింది.

వ్యాన్‌లో ఎదురెదురుగా కూర్చున్నారు. ఒకరి చేతికి కట్టు, ఒకరి చేతులకి బేడీలు.

"అమ్మకి ఏం చెప్పను? తలుపులో చెయ్యి పడిందని చెప్పనా, తలుపుకి రంగు కొట్టింది నువ్వని చెప్పనా?"

అక్క కళ్ళద్దాలు తీయలేదు.

"నడిపేది నేనని నీకు తెలుసుగా అక్కా."

"ఆఖరి నిమిషంలో డ్రైవర్ని మార్చేస్తామన్నారు వాళ్ళు."

"నమ్మావా?"

చిట్టి జేబులో ఫోన్ మోగింది. స్క్రీన్ మీద 'అమ్మ'. మోగి మోగి ఆగిపోయింది. మళ్ళీ మోగింది, మళ్ళీ ఆగింది. వ్యాన్ సిగ్నళ్ళు దాటింది, వంతెన దాటింది, జైలు గేటు ముందు ఆగింది.

"నువ్వు నన్ను నమ్మినట్టే," అంది అక్క.