మా అత్త మొహానికి తొమ్మిది వేల గళ్ళు

ఇట్లా రాండి పిల్లలూ, ఇంకా దగ్గరికి. ఆ ఫ్యాను కింద కూర్చుంటే నా మాట సగం గాలికి పోతుంది. గట్టిగా చెప్తామంటే పక్కింట్లోనే మీ పంచవర్ణం అవ్వ ఉంది. విన్నదంటే "ధనం వదినా, అది అట్లా కాదు" అని మధ్యలో దూరుతుంది. అది అట్లానే. నేను కళ్ళారా చూసినాను.

పంచవర్ణం నాకు ఆడబిడ్డ, మీ తాతకి చెల్లెలు. ఎనభై నాలుగులో దానికి ఇరవై ఏళ్ళు. పదో తరగతి పాసయి, మా వెల్లిచందై నుంచి రోజూ బస్సెక్కి ధర్మపురిలో కుట్టు క్లాసుకి పోయేది. జడ పొడుగు, నాలిక అంతకంటే పొడుగు.

వాళ్ళమ్మ మాదమ్మ, దానికి మూడేళ్ళప్పుడే పోయింది. కోడలినైన నేను మా అత్త మొహం చూసిందే లేదు. ఇంట్లో ఉండేది ఒకే ఒక ఫోటో. మా మామ నారాయణసామి దాన్ని ట్రంకు పెట్టెలో పంచె మడతల మధ్య పెట్టి తాళం వేసుకునేవాడు. ఏడాదికి ఒక్క దినం, ఆమె పోయిన తిథి నాడు బయటికి తీసి పూలు పెట్టేవాడు. పొద్దు వాలేలోపల మళ్ళీ పెట్టెలోకి.

ఆ ఏడు తీసి చూస్తే, చెమ్మ పట్టి ఫోటో తెల్లగా పోతా ఉంది. చీర పోయింది, చేతులు పోయినాయి, భుజం మీద ఇంత పైట అంచు మాత్రం మిగిలింది. ఆ తెలుపు మెడ దాకా ఎక్కింది. మామ తువ్వాలుతో తుడిచినాడు. మళ్ళీ తుడిచినాడు. తుడిస్తే పోయే మరకా అది?

"నాయనా, వచ్చే తిథికి మొహం కూడా ఉండదు," అనింది పంచవర్ణం. "నేను అమ్మని గుడ్డ మీద కుడతాను."

"నీకు జాకెట్టు చెయ్యి అతకడమే ఇంకా రాదు గదమ్మా!"

"జాకెట్టుకి కొలత కావాల నాయనా. దీనికి లెక్కబెట్టడం వస్తే చాలు. క్రాస్ స్టిచ్, ఇంటూ గుర్తు మాదిరి కుట్టు. క్లాసులో టీచరు నేర్పించింది."

సరే అనేదానికి మామకి వారం పట్టింది. ఫోటో మా చేతికి ఇచ్చేటప్పుడు కూడా ఒక కొన వదల్లేదు, పంచవర్ణమే మెల్లగా లాక్కొనింది.

ధర్మపురి బస్టాండు పక్క సందులో ఒక చిన్న ఫోటో స్టూడియో. దాని ఓనరు దొరసామి, బొమ్మిడి ఊరి అబ్బాయి. మేమిద్దరం బస్సు దిగేసరికి వాన. ఫోటోని ప్లాస్టిక్ కవరులో చుట్టి కొంగు కింద పెట్టుకోని, పంచవర్ణం ఆ స్టూడియోలోకి ఒకటే పరుగు. వెనకాల నేను.

ఆ అబ్బాయి తల దువ్వుకుంటా, ఆ ఊళ్ళో అందరి మాదిరే అరవంలో అడిగినాడు, పాస్‌పోర్టు సైజా, పెళ్ళిచూపుల ఫోటోనా అని.

అది నా వైపు తిరిగి తెలుగులో అనింది: "వదినా, ఈయనకి చూపు ఉందా లేదా? తడిసిన కోడి మాదిరి వస్తే పెళ్ళిచూపులకా అంటాడు!"

"చూపు బాగానే ఉంది," అన్నాడు ఆ అబ్బాయి. "తెలుగు కూడా ఉంది."

అబ్బా, దాని మొహం చూడాల! చెవుల దాకా ఎర్రగా అయింది. ఆ కొంచెం సేపు తప్ప నా ఆడబిడ్డ నోరు మూసుకొని ఉండడం నేను చూడలేదు.

తేరుకోని ఫోటో బల్ల మీద పెట్టింది. "దీన్ని ఇంత పెద్దగా ప్రింటు వెయ్యాల. ఆ ప్రింటు మీద పెన్సిలుతో గళ్ళు గియ్యాల. అడ్డం తొంభై, నిలువు నూరు."

"ఫోటో మీద గళ్ళా? మనిషిని కిటికీ ఊచల వెనకాల పెట్టినట్టు ఉంటుందే!"

"గడికి ఒక కుట్టు. గడి నల్లగా ఉంటే నల్లదారం, తెల్లగా ఉంటే గుడ్డ అట్లనే వదిలేస్తాను. మ్యాటీ గుడ్డ చూసినారా? నేతలోనే గళ్ళు ఉంటాయి. ప్రింటులో ఏ గడో గుడ్డలో ఆ గడి. అంతే."

"మొత్తం తొమ్మిది వేలు. ఒక బుగ్గలోనే ఇరవై రకాల నీడలుంటాయి. అన్ని దారాలు యాడ దొరుకుతాయి?"

"కొత్తగా కుట్టేవాళ్ళకి అయిదు చాలని టీచరు చెప్పింది. నలుపు, ముదురు కాఫీ, కాఫీ, పాల కాఫీ, గుడ్డ తెలుపు."

"కాఫీ క్లబ్బు మాదిరి ఉందే," అన్నాడు. నేను నవ్వినాను. అది నన్ను గిల్లింది.

కానీ ఫోటో చేతిలోకి తీసుకున్నాక ఆ అబ్బాయి నవ్వలేదు. "ఎవురు?" అన్నాడు. "మా అమ్మ," అనింది. రెండు చేతులతో పట్టుకోని లోపలికి తీసుకపోయి కెమెరాతో కాపీ తీసుకోని తిరిగి తెచ్చిచ్చినాడు. "అసలుదాన్ని పెట్టెలోనే పెట్టండి. వెలుతురు తగిలితే ఇంకా తొందరగా పోతుంది," అన్నాడు.

పది దినాలకి పెద్ద ప్రింటు ఇచ్చినాడు. పోయిన చీరని, భుజాలని బ్రష్షుతో దిద్దినాడు. గళ్ళు చీమ కాలంత సన్నంగా గీసినాడు. "పాత ప్రింటులో ఒక తప్పు ఉండె. దాన్ని కూడా సరిచేసేసినాను," అని కాలరు సర్దుకున్నాడు.

ఏం తప్పని మా ఇద్దరిలో ఒకరు అడిగుంటే, ఈ కథే ఉండదు.

ఇంక కుట్టడం చూడండి. గుడ్డని నాలుగు మడతలు పెట్టి, నడిమి చుక్క కనుక్కోని, ఆడనుంచి మొదలు. కొనలో మొదలుపెడితే తల గుడ్డ దాటి పోతుందంట. ప్రతి కుట్టుకీ కింది దారం ఒక వైపు, పైదారం ఒక వైపు, తొమ్మిది వేలకీ అదే వరస. ఎనిమిది నెలలు అది గళ్ళే చూసింది, మొహం చూడలేదు. దగ్గరగా చూస్తే అన్నీ చుక్కలే కదా.

శనివారం వస్తే చాలు, ప్రింటు చుట్టుకోని స్టూడియోకి. తోడుగా నేను.

"ఈ గడి నలుపా, ముదురు కాఫీనా? తెలియడం లేదు."

"ముదురు కాఫీ," అంటాడు దొరసామి.

"ప్రింటు చూడకుండానే చెప్తున్నారే!"

"ఓ, ప్రింటులో గడా? నేను మీ కన్ను గురించి అడిగినారేమో అనుకున్నాను."

బస్సులో నేను అడిగినాను, "గడి రంగు తెలుసుకునేదానికి తలలో ఇన్ని కనకాంబరాలు ఎందుకు మే?" అది కిటికీలోంచి వానని చూస్తా ఉండింది. ఆ దినం వానే లేదు.

తిథి వచ్చింది. కుట్టిన బొమ్మకి ఫ్రేము కట్టి, దొరసామే పొద్దున్నే మా ఇంటికి తెచ్చినాడు. పీట మీద పెట్టి గుడ్డ తీసినాము. దూరంగా నిలబడి చూస్తే, పిల్లలూ, ఆ చుక్కలన్నీ కలిసి ఒక మనిషి!

మామ చాలాసేపు చూసినాడు.

"బాగుంది," అన్నాడు. "ఈమె ఎవురు?"

"అమ్మ, నాయనా," అనింది పంచవర్ణం.

"మీ అమ్మకి మచ్చ ఈ బుగ్గ మీద." ఆయన తన మొహమే తడుముకుంటా చెప్పినాడు. "ముక్కుపుడక ఈ పక్క. పైట ఈ భుజం మీద. ఈమెకి అన్నీ ఆ పక్క ఉన్నాయి. మీ అమ్మ ఇట్లా ఉండదు." చేతిలో పూలు చేతిలోనే ఉన్నాయి. పోయి వాకిట్లో కూర్చున్నాడు.

దొరసామి బొమ్మ దగ్గరికి వచ్చినాడు. "తప్పు నాది," అన్నాడు. "పైట కుడి భుజం మీద కనపడింది. పాత ఫోటోవాడు తిరగేసి ప్రింటు వేసినాడనుకున్నాను. మా ఇంట్లో అందరిదీ ఎడమ పైటే. అందుకని నెగటివు తిప్పి పెట్టి, సరిచేసినాననుకున్నాను."

మా మామ వాళ్ళింటి ఆడవాళ్ళు ముందు కాలంలో కుడి పైటే వేసేవాళ్ళు. నేను కోడలిగా వచ్చేసరికి అందరూ ఎడమకి మారిపోయినారు. పెద్దాయన మనసులో మాత్రం ఆమె పైట మారలేదు.

"అడగాల కదా!" పంచవర్ణం ఆయన ముందరికి వచ్చి నిలబడింది. "నోరుంది కదా మీకు! ఎనిమిది నెలలు నేను ఎవురో మనిషిని కుట్టుకుంటా కూర్చున్నానా?"

వేరే ఎవురైనా అయితే చెప్పులేసుకోని పోయుంటారు. ఆ అబ్బాయి రెండు నిమిషాలు బొమ్మనే చూసి, "ధనం అక్కా, ఇంట్లో అద్దం ఉందా?" అన్నాడు.

మీ తాత గడ్డం గీసుకునే అద్దం తెచ్చిచ్చినాను. దాన్ని తీసుకపోయి వాకిట్లో మామ ముందర మోకాళ్ళ మీద కూర్చున్నాడు. "పెద్దాయనా, నన్ను తిట్టే ముందర ఒక్కసారి దీంట్లో చూడండి." పెద్దాయన భుజం వెనకాల బొమ్మ పట్టుకోమని పంచవర్ణానికి సైగ చేసినాడు. అది కోపంగానే పట్టుకొనింది.

మామ అద్దంలోకి చూసినాడు. మచ్చ ఆయన చూపించిన బుగ్గకి వచ్చింది. పైట కుడి భుజానికి వచ్చింది.

"వచ్చినావా," అన్నాడు మామ. అద్దంతోనే అన్నాడు. ఆ మాట అంత మెత్తగా ఆయన నోట్లో నేను ఎప్పుడూ వినలేదు. పూలు అద్దం ముందర పెట్టినాడు.

ఏడ్చి, ముక్కు తుడుచుకోని, మొదట మాట్లాడింది పంచవర్ణమే. "అద్దం వద్దు నాయనా. మళ్ళీ కుడతాను. అదే ప్రింటు, అవే గళ్ళు. ఎడమ నుంచి చదివినదాన్ని ఈసారి కుడి నుంచి చదివితే, అమ్మ సరిగ్గా వస్తుంది."

"తిరగేసి చదువుతా కుట్టడం కష్టం," అన్నాడు దొరసామి. "ఆదివారం ఆదివారం వచ్చి నేను చదువుతాను. నోరుంది కదా నాకు."

అది నవ్వు ఆపుకోలేక మొహం తిప్పుకొనింది. మామ ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "రానీ," అన్నాడు.

ఇంక ప్రతి ఆదివారం మా వసారాలో అదే పాట. "మూడు కాఫీ, ఒకటి నలుపు, రెండు పాల కాఫీ..." మామ కుర్చీ వేసుకోని కాపలా. నాకు పప్పు కడుగుతున్నా ఆ లెక్కలే నోట్లో.

ఒక ఆదివారం వాన కురుస్తా ఉంది. కళ్ళు కుట్టే వరస. దొరసామి చదువుతా ఉన్నాడు, "నాలుగు ముదురు కాఫీ, ఒకటి తెలుపు, రెండు నలుపు..." పంచవర్ణం సూది ఆపింది.

"ప్రింటు నా ఒళ్ళో ఉంది. మీరు దేన్ని చూసి చదువుతున్నారు?"

నేను తొంగి చూసినాను. నిజమే! ఆయన చేతుల్లో ఏమీ లేదు.

"ఆ వరస నాకు నోటికి వచ్చేసింది."

"తొమ్మిది వేల గళ్ళలో ఆ వరస ఒకటే ఎందుకు వచ్చింది?"

"మీ అమ్మకీ మీకూ ఒకే మాదిరి కళ్ళు. ఏడాదిన్నరగా వాటినే చూస్తున్నాను." వాన చప్పుడు కదా, గట్టిగా చెప్పాల్సి వచ్చింది పాపం. వీధి కొన దాకా వినిపించుంటుంది. "పంచవర్ణం, నన్ను చేసుకుంటావా? ఈసారి అడక్కుండా ఏమీ అనుకోదలచుకోలేదు. అందుకే అడుగుతున్నాను."

అది సూదిని గుడ్డకి గుచ్చి పక్కన పెట్టింది. తల దించలేదు, సిగ్గుపడలేదు. వాళ్ళ నాయన వైపు నేరుగా తిరిగింది.

"నాయనా, నేను ఈయన్ని చేసుకుంటాను. నువ్వు సరేనంటే సంతోషంగా చేసుకుంటాను. వద్దంటే నువ్వు సరే అనేదాకా కుడతా కూర్చుంటాను."

మామ కుర్చీలో ముందుకి జరిగినాడు. దొరసామిని అడిగినాడు, "మీరు యాపారం చేసేవాళ్ళు, మేము మట్టి పిసుక్కునేవాళ్ళం. మీది ఎడమ పైట, మాది కుడి. మీ అమ్మ ఒప్పుకుంటుందా?"

"చెప్పినాను మామా. ఏ భుజమైతే నాకేమిరా, ఆ పిల్ల కష్టానికి వెనక్కి పోకుండా నిలబడుతుందా అని అడిగింది. తొమ్మిది వేల గళ్ళు రెండోసారి కుడుతోందమ్మా అని చెప్పినాను. ఇంకేం అడగలేదు."

"మామానా? ఎవురికి రా మామ?"

దొరసామి లేచి నిలబడినాడు. మీ తాత గోడకి తిరుక్కోని నవ్వుతున్నాడు. నేను గరిటె చేతిలో పట్టుకోని వసారాలోకే వచ్చేసినాను.

మామ లేచి, ఆ సగం కుట్టిన గుడ్డని వెలుతురుకి పట్టుకోని చూసినాడు. మచ్చ సరైన బుగ్గకే వచ్చుండె. వేలితో దాన్ని ఒకసారి ముట్టుకున్నాడు.

"తప్పు చేసినోళ్ళని చాలామందిని చూసినాను," అన్నాడు. "దాన్ని దిద్దేదానికి వానలో బస్సెక్కి వచ్చినోణ్ణి నిన్నే చూసినాను. శుక్రవారం మీ అమ్మానాయన్ని పిలుచుకోని రా. నా బిడ్డని ఇస్తాను."

దొరసామి కాళ్ళకి మొక్కబోతే, "ముందు కంటి వరస ముగించండి. ఆమె ఒక కన్నుతో చూస్తా ఉంది," అన్నాడు మామ. అప్పుడు పంచవర్ణం ఏడ్చింది. ఏడుస్తానే సూదిలో దారం ఎక్కించింది. "చదవండి," అనింది. ఆయన మొదలుపెట్టినాడు.

ఇదే పిల్లలూ, వాళ్ళ సంగతి. మనసులో గట్టిగా పెట్టుకోండి. రేపు మీకూ పిల్లలు పుడతారు, గోడ మీద ఆ బొమ్మ ఎవురిదని అడుగుతారు. అప్పుడు మా అత్త పేరు మాదమ్మ అని చెప్పండి. కుడి పైట వేసేదని చెప్పండి. దొరసామి తప్పుని దాచొద్దు, ఆయన అద్దం పట్టుకోని మోకాళ్ళ మీద కూర్చున్నది అసలు వదలొద్దు. నేను చెప్పినట్టే చెప్పండి, ఏం?